పాత స్టీమరు ఓడల ఫొటోల కోసం ‘ట్రోవ్’: ఒక సమీక్ష

హైదరాబాదులో కూర్చుని నూరేళ్ల కిందటి స్టీమరు ఓడల ఫొటోలు వెతకాలనుకునేవారికి నేను మొదట చెప్పే పేరు ‘ట్రోవ్’. ఆస్ట్రేలియా జాతీయ గ్రంథాలయం 2009లో ప్రారంభించిన ఈ వెబ్‌సైటులో, ఆ దేశపు గ్రంథాలయాలూ మ్యూజియాలూ డిజిటల్ రూపంలోకి మార్చిన సామగ్రిని ఒకేచోట వెతకవచ్చు. రుసుము లేదు, ఖాతా తెరవనవసరమూ లేదు. మన నగరానికి రేవు లేకపోయినా, శ్రీకాకుళం, విశాఖపట్నం, గోదావరి జిల్లాల నుండి వచ్చి ఇక్కడ స్థిరపడిన కుటుంబాలలో రంగూన్ వెళ్లిన తాతముత్తాతల జ్ఞాపకాలు ఇంకా నిలిచి ఉన్నాయి. ఆ పెద్దలు ఎక్కిన ఓడలు ఎలా ఉండేవో చూడాలనుకునేవారిని దృష్టిలో పెట్టుకునే ఈ నాలుగు మాటలు రాస్తున్నాను.

ఆస్ట్రేలియా గ్రంథాలయాలలో మన తీరపు ఓడలేమి దొరుకుతాయన్న సందేహం సహజమే. కాకినాడ, విశాఖపట్నం రేవుల నుండి మనవాళ్లను బర్మాకు చేరవేసిన స్టీమర్లు ప్రధానంగా బ్రిటిష్ ఇండియా స్టీమ్ నావిగేషన్ కంపెనీవి. అదే కంపెనీ 1881 నుండి లండన్, బ్రిస్బేన్‌ల మధ్య టపా ఓడలు నడిపింది. మెర్కారా, క్వెట్టా, జుమ్నా అంటూ ఆనాటి బ్రిటిష్ ఇండియాలోని ఊళ్ల పేర్లూ నదుల పేర్లూ పెట్టుకున్న ఆ ఓడలు బ్రిస్బేన్ ఉన్న క్వీన్స్‌లాండ్ రాష్ట్రపు రేవులకు వచ్చినప్పుడు తీసిన ఫొటోలను అక్కడి రాష్ట్ర గ్రంథాలయం భద్రపరిచింది. విక్టోరియా రాష్ట్ర గ్రంథాలయంలో ఉన్న ఓడల ఫొటోగ్రాఫర్ అలన్ సి. గ్రీన్ (1878–1954) సేకరణ మరింత విలువైనది. ఓడల మీద గ్రీన్‌కు ఉన్న ప్రేమ ఆ గాజు నెగెటివ్‌లలో కనిపిస్తుంది. పెద్దదిగా చేసి చూస్తే కొయ్య స్తంభాల నుండి దిగే తాళ్లు కూడా విడివిడిగా గుర్తుపట్టవచ్చు.

వెతకడానికి మాత్రం కొంత నేర్పు కావాలి. ‘క్వెట్టా’ అని ఇంగ్లీషు అక్షరాలలో కొడితే 1935 నాటి భూకంప వార్తలతో సహా ఆ నగరం గురించిన సమాచారమంతా ముందుకొస్తుంది. ఓడ పేరు పక్కన ‘షిప్’ అన్న మాట చేర్చి, చిత్రాల విభాగాన్ని ఎంచుకుని, దశాబ్దాన్ని పరిమితం చేసినప్పుడే ఫలితాలు దారికొస్తాయి. పేర్ల వర్ణక్రమం ఆనాటి దొరలు రాసినట్టే ఉండాలి. మడికేరి పేరు పెట్టుకున్న ఓడ కావాలంటే మెర్కారా అనే వెతకాలి.

ఫొటోలకన్నా ఎక్కువగా నన్ను ఆకట్టుకున్నది, వాటి పక్కనే పాత పత్రికలు కూడా ఉండటం. తేదీ లేని ఫొటో చేతికి వచ్చినప్పుడు, ఆ ఓడ ఏ రేవుకు ఎప్పుడు వచ్చిందో ఆనాటి పత్రికల నౌకా వార్తల శీర్షికలలో వెతికి, ఫొటో తీసిన కాలాన్ని చాలావరకు నిర్ధారించవచ్చు. క్వెట్టా 1890 ఫిబ్రవరి 28న ఆస్ట్రేలియా ఉత్తర కొసనున్న టోరెస్ జలసంధి దగ్గర పటాలలో లేని రాతిని ఢీకొని కొద్ది నిమిషాలలోనే మునిగిపోయింది. అందులో ఉన్న 292 మందిలో 134 మంది మరణించారు. ఫొటోలో ప్రశాంతంగా నిలబడి ఉన్న ఓడను చూసి, వెంటనే ఆ వారాల పత్రికలు చదవగలగడం ఇతర ఫొటో భాండాగారాలలో అంత సులభంగా దొరికే సౌకర్యం కాదు. పత్రికల పాఠాన్ని యంత్రం చదివింది కనుక అచ్చుతప్పులు విస్తారంగా ఉంటాయి, అయితే వాటిని పాఠకులే సరిదిద్దవచ్చు. ఇంతటి సేవకు నిధుల కొరత ఏర్పడినప్పుడు, 2023లో అక్కడి ప్రభుత్వం నాలుగేళ్లకు 3.3 కోట్ల ఆస్ట్రేలియన్ డాలర్లు కేటాయించి నిలబెట్టడం సంతోషించవలసిన విషయం.

ఫొటోలోని ఓడ ఏదో తేల్చుకోవడానికి ట్రోవ్ ఒక్కటే చాలదు. నల్లని పొగగొట్టానికి రెండు తెల్లని పట్టీలుంటే అది బ్రిటిష్ ఇండియా కంపెనీ ఓడ కావచ్చని తెలుస్తుంది. కానీ పాత ఓడ పోయాక దాని పేరునే కొత్త ఓడకు పెట్టే అలవాటు ఆనాటి కంపెనీలకు ఉండేది. అందువల్ల నిర్మాణ సంవత్సరం, నిర్మించిన సంస్థ సరిచూడడానికి స్కాట్లాండులో తయారైన ఓడల డేటాబేస్‌ను పక్కన తెరిచి ఉంచుకోవడం మంచిది. మద్రాసు నుండి పెనాంగ్, సింగపూర్‌లకు దశాబ్దాల పాటు తిరిగిన రజులా ఓడ గ్లాస్గోలోని బార్క్లే కర్ల్ సంస్థలో 1926లో తయారైందని చూసుకున్నాక, అంతకు ముందటి తేదీ ఉన్న ఫొటోను నిస్సంకోచంగా పక్కన పెట్టవచ్చు.

అసలైన లోటు వేరే ఉంది. రజులాలో సుమారు అయిదు వేలమంది డెక్ ప్రయాణికులను ఎక్కించుకోవడానికి అనుమతి ఉండేది. ఇటువంటి ఓడల ఫొటోలు ఎక్కువగా దూరం నుండి, పక్కవైపు నుండి తీసినవి; చాపలు పరచుకుని, మూటలు తల కింద పెట్టుకుని డెక్ మీద రోజులు గడిపిన మనుషులు వాటిలో కనిపించరు. కాకినాడలో తీరానికి దూరంగా లంగరు వేసిన స్టీమరు దగ్గరికి పడవల మీద వెళ్లే జనం కోసం ఆస్ట్రేలియా సేకరణలలో వెతకడం కన్నా, మన కుటుంబాల ట్రంకు పెట్టెలలో వెతకడమే మేలని నా అభిప్రాయం. ఓడ రూపం తెలుసుకోవడానికి ట్రోవ్‌కు పూర్తి మార్కులు ఇస్తాను, ప్రయాణం తెలుసుకోవడానికి సగమే.

1955కు ముందు తీసిన ఫొటోలకు ఆస్ట్రేలియా చట్టం ప్రకారం కాపీరైటు ముగిసింది. అయినా పుస్తకంలో అచ్చువేసేవారు ఆయా గ్రంథాలయాల పేజీలోని షరతులు చదవాలి. ఫొటోను దింపుకునేటప్పుడు దాని గుర్తింపు సంఖ్యను కూడా రాసి పెట్టుకోవాలి. ఒకే ఓడకు ఒకే శీర్షికతో అనేక ఫొటోలు ఉండటం వల్ల, ఆ సంఖ్య లేకపోతే అదే ఫొటోను మళ్లీ పట్టుకోవడం కష్టమవుతుంది.