1909, చక్షు: మా నాన్నగారి ఫోనులో ఆరు నెలలు

మా నాన్నగారు ఉద్యోగ విరమణ చేసిన ఉపాధ్యాయులు. ఎవరు ఫోన్ చేసినా "చెప్పండి బాబూ" అంటారు, అవతలివారి మాట పూర్తయ్యేదాకా పెట్టేయరు. షాద్‌నగర్ వైపు వెంచర్లలో ఓపెన్ ప్లాట్లు అమ్మేవారికి ఇంతకంటే మంచి శ్రోత దొరకడు. ఆయన భోజనం మధ్యలో లేచి వెళ్లి ప్లాటు కొలతలు వినడం చూడలేక, ఆరు నెలల క్రితం ఆయన నంబరును అమ్మకాల కాల్స్ వద్దనేవారి జాబితా అయిన డీఎన్‌డీలో నమోదు చేసి, టెలికాం శాఖవారి సంచార్ సాథీ యాప్ కూడా పెట్టాను.

డీఎన్‌డీ నమోదుకు ఖర్చు లేదు. 1909కు ఫోన్ చేయవచ్చు, లేదా ఇంగ్లీషు అక్షరాల్లో 'స్టార్ట్' అని కొట్టి పక్కన సున్నా పెట్టి సందేశం పంపవచ్చు. అన్నీ వద్దనుకోకపోతే బ్యాంకింగ్, స్థిరాస్తి, విద్య, ఆరోగ్యం వంటి రంగాలవారీగానూ ఎంచుకోవచ్చు. బ్యాంకు ఓటీపీలు ఆగిపోతాయన్న భయం అక్కరలేదు. నమోదయ్యాక టెలిమార్కెటర్లకు కేటాయించిన, 140తో మొదలయ్యే నంబర్ల కాల్స్ దాదాపు మాయమయ్యాయి.

అయితే ప్లాట్ల కుర్రవాళ్లు మాయం కాలేదు. టెలికాం నియంత్రణ సంస్థ ట్రాయ్ 2018లో తెచ్చిన నిబంధనల ప్రకారం నమోదైన టెలిమార్కెటర్ల కాల్స్‌ను మాత్రమే ఈ జాబితాతో సరిచూసి ఆపుతారు. మామూలు పది అంకెల సిమ్ముతో చేసేవాడు ఆ జల్లెడలోకే రాడు. అతణ్ణి ఆపే దారి ఫిర్యాదు ఒక్కటే. నా దృష్టిలో 1909కు అసలు విలువ ఇక్కడే ఉంది. 2025 ఫిబ్రవరి సవరణతో ఫిర్యాదు గడువు మూడు రోజుల నుంచి ఏడు రోజులకు పెరిగింది. టెలిమార్కెటరుగా నమోదు కాని నంబరుపై చర్య తీసుకోవడానికి టెలికాం కంపెనీలకున్న గడువు 30 రోజుల నుంచి అయిదుకు తగ్గింది. పైగా మునుపు ఏడు రోజుల్లో పది ఫిర్యాదులు వస్తేనే చర్యకు ఆస్కారం ఉండేది, ఇప్పుడు పది రోజుల్లో అయిదు చాలు. అంటే విసుక్కుని ఊరుకోకుండా మరో నలుగురు కూడా ఫిర్యాదు చేస్తేనే మన ఫిర్యాదుకు బలం.

చక్షు సంగతి వేరు. సంచార్ సాథీలో భాగంగా 2024 మార్చిలో వచ్చిన ఈ సదుపాయం ముఖ్యంగా అమ్మకాల కాల్స్ కోసం కాదు, మోసగాళ్ల కోసం. (చక్షువంటే కన్ను, మోసం వచ్చేదేమో చెవి గుండా.) కరెంటు బిల్లు బాకీ ఉంది, రాత్రికి కనెక్షన్ తీసేస్తామనో, మీ పేర వచ్చిన పార్సిల్‌లో మత్తుమందులు దొరికాయి కాబట్టి 'డిజిటల్ అరెస్టు' చేస్తున్నామనో బెదిరించే కాల్స్‌ను, వాట్సాప్‌లో వచ్చినవాటితో సహా, ఇందులో తెలియజేయవచ్చు. అటువంటి అరెస్టు మన చట్టంలోనే లేదని నాన్నగారికి రెండుసార్లు చెప్పవలసి వచ్చింది. యాప్ కాల్ లాగ్ అనుమతులు అడుగుతుంది. కొత్త ఫోన్లన్నింటిలో దీన్ని ముందే పెట్టాలన్న ఆదేశంపై గొడవ జరిగింది కూడా ఇలాంటి సందేహాల వల్లనే, 2025 డిసెంబరులో ప్రభుత్వం దాన్ని వెనక్కి తీసుకుంది. అనుమతి ఇష్టం లేనివారు అదే పని వెబ్‌సైటులో చేసుకోవచ్చు.

నా అభ్యంతరం మరొకటి. అమ్మకాలకు 1909, మోసపు ప్రయత్నానికి చక్షు, డబ్బు పోయాక సైబర్ నేరాల ఫిర్యాదు నంబరు 1930 అని మూడు తలుపులు పెట్టారు. డబ్బు పోయినవారు చక్షులో రాసుకుంటూ కూర్చుంటే విలువైన సమయం పోతుంది. వెంటనే 1930కే చేయాలి. కంగారులో ఉన్న డెబ్బై ఏళ్ల మనిషికి ఏ తలుపు తట్టాలో గుర్తుంటుందా? అందుకే మా ఇంట్లో ఆ మూడూ పెద్ద అక్షరాలతో రాసి క్యాలెండరు పక్కన అంటించాను.

1909కు అయిదులో మూడున్నర, చక్షుకు మూడు ఇస్తాను. నాన్నగారు ఇప్పటికీ "చెప్పండి బాబూ" అనే అంటున్నారు. కాకపోతే ఫోన్ పెట్టేశాక నంబరూ తేదీ డైరీలో రాసుకుంటారు, ఆదివారం నేను వెళ్లినప్పుడు ఇద్దరం కూర్చుని ఫిర్యాదులు పంపుతాం.