కూపర్ క్రీక్ వెంట: ఎప్పుడు వెళ్లాలి, ఎక్కడ ఆగాలి

ఆస్ట్రేలియాలోని క్వీన్స్‌ల్యాండ్‌లో థామ్సన్, బార్కూ నదులు రెండూ విండోరా ఊరికి ఎగువన కలుస్తాయి. కలిశాక దాని పేరు నది కాదు, వాగు: కూపర్ క్రీక్. 1845లో ఇక్కడికొచ్చిన అన్వేషకుడు చార్లెస్ స్టర్ట్‌కు మడుగులు కనిపించాయి గానీ పారే నీరు కనిపించలేదు, అందుకే నది అనడానికి అతనికి మనసొప్పలేదు. మరుసటి ఏడాది మరో అన్వేషకుడు మిచెల్ బార్కూను చూసి, ఇది వాయవ్యంగా సముద్రానికి పోతుందని సంబరపడి విక్టోరియా అని పేరు పెట్టాడు. 1847లో కెన్నెడీ దాని వెంటే వెళ్లి, అది నైరుతికి మళ్లుతోందని తేల్చేశాడు.

సుమారు 1,300 కి.మీ. పొడవు, దాదాపు 3 లక్షల చదరపు కి.మీ. పరీవాహక ప్రాంతం. ఇంత ఉన్నా చివరనున్న ఐర్ ఉప్పు సరస్సు దాకా నీరు చేరే ఏళ్లు తక్కువ. విండోరా దిగువన నేల వాలు ఎంత తక్కువంటే, వరద ఒక పాయలో ఇమడక వందల పాయలుగా చీలి కొన్నిచోట్ల 60 కి.మీ. వెడల్పున పరుచుకుంటుంది. అందులో ఎక్కువ భాగం పగుళ్లిచ్చిన రేగడిలోకి ఇంకిపోతుంది, లేదా ఎండకు ఆవిరవుతుంది.

యాత్రికులు పొరపడేది ఇక్కడే. ఆకాశం నిర్మలంగా ఉంది, వాన సూచన లేదు, కాబట్టి దారి బాగుంటుందనుకుంటారు. కానీ ఉత్తరాన లాంగ్‌రీచ్ పట్టణం వైపు కురిసిన వాన దిగువనున్న ఇన్నమింకా ఊరికి చేరడానికి వారాలు పడుతుంది. వాతావరణ సూచనతో సరిపెట్టకుండా, ఎగువ నదీ మట్టాలను కూడా చూడాలి. వానలు ఎక్కువగా ఇక్కడి వేసవిలోనే (డిసెంబరు నుంచి ఫిబ్రవరి) కనుక, ఇక్కడ చలికాలమైన మే నుంచి ఆగస్టు వరకు మేలైన కాలం. రాత్రిళ్లు చలి మాత్రం గట్టిగానే ఉంటుంది.

సామాన్లకు లాంగ్‌రీచే సరైన చోటు. విమానం దిగొచ్చు, పెద్ద దుకాణాలు, టైర్ల మరమ్మతు, ఆసుపత్రి ఉన్నాయి. అక్కడి నుంచి జుండా మీదుగా విండోరాకు 300 కి.మీ. పైచిలుకు, తారు రోడ్డే. విండోరా చిన్న ఊరు. పెట్రోలు, హోటలు, క్యారవాన్ పార్కు ఉన్నాయి. అయితే ఒక రాత్రి వాగొడ్డున గుడారం వేసుకుంటేనే బాగుంటుంది. ఊరికి పడమరగా, బర్డ్స్‌విల్ దారి పక్కన ఎర్ర ఇసుక దిబ్బలున్నాయి, సాయంత్రం వెళ్లండి. మామూలు కారుతో వచ్చినవారు ఇక్కడితో ఆగడమే తెలివైన పని.

ఇన్నమింకా దక్షిణ ఆస్ట్రేలియాలో ఉంది. హోటలు, ఒక దుకాణం, పెట్రోలు బంకు, అంతే. పాత ఆసుపత్రి భవనాన్ని బాగుచేసి పార్కు కార్యాలయంగా మార్చారు. చలికాలంలో క్వీన్స్‌ల్యాండ్ కంటే ఇక్కడి గడియారం అరగంట వెనక. బంకు మూసే వేళ లెక్కేసేటప్పుడు ఇది మరిచిపోకూడదు.

ఒక్కచోటే గుడారం వేయగలిగితే కల్లియముర్రా మడుగు దగ్గర వేయండి. ఊరికి తూర్పున 15 కి.మీ. లోపే. విశాలంగా పరుచుకున్న వరద ఇక్కడి రాతి ఇరుకులో దూరి అడుగును తొలిచేయడంతో లోతు సుమారు 28 మీటర్లకు చేరింది. తెలిసినంతలో ఎండలేదు. ఎగువ చివర రాళ్ల మీద ఆదివాసుల చెక్కడాలున్నాయి, తాకొద్దు. ఇదే వాగొడ్డున అన్వేషకులు బర్క్, విల్స్ 1861లో ఆకలితో చనిపోయారు. స్థానిక ఆదివాసులైన యాండ్రువంధా ప్రజలు ఆదుకోవడంతో వారి తోటివాడు జాన్ కింగ్ బతికాడు. వారికోసం పాతిపెట్టిన సామగ్రి ఉన్న చోట 'తవ్వు' (డిగ్) అని చెక్కిన చెట్టు 'డిగ్ ట్రీ' చూడాలంటే సరిహద్దు దాటి క్వీన్స్‌ల్యాండ్ వైపు 70 కి.మీ. పోవాలి, చెట్టు చుట్టూ కర్ర నడకదారి ఉంది.

కూంగీ సరస్సులు పక్షుల కోసం వెళ్లేవారికి తప్ప మిగతావారికి అంత అవసరం లేదు. ఇన్నమింకా నుంచి వంద కి.మీ. పైగా, ఇసుక, గుంతలు, ఫోర్‌వీల్ డ్రైవ్ తప్పనిసరి. పార్కు పాసు ముందే కొనాలి, పెంపుడు కుక్కలకు ప్రవేశం లేదు.

బండి విషయంలో మొండితనం వద్దు. పదునైన గులకరాళ్లు టైరు పక్కగోడను కోస్తాయి. మామూలు గాలితో వేగంగా పోతే ఇంకా త్వరగా కోస్తాయి. కంకర మీద టైరు గాలిని 28-30 పీఎస్ఐకి (గాలి పీడనం కొలత) దించి వేగం తగ్గించండి, మెత్తని ఇసుకలో గాలి 20 పీఎస్ఐ లోపు ఉంచండి. పంపు, రెండు అదనపు టైర్లు, మనిషికి రోజుకు 10 లీటర్ల నీరు, ఉపగ్రహ ఫోను ఉండాలి. కొద్దిపాటి వానకే రేగడి చక్రాలకు జిగురులా పట్టేస్తుంది, దారి మూసేస్తారు. మూసిన దారిలో పోతే జరిమానా తప్పదు, ఇరుక్కుంటే లాగడానికి వచ్చే బండి ఖర్చు దాన్ని మించుతుంది.

బర్డ్స్‌విల్ ఊరి నుంచి దక్షిణానికి పోయే మట్టిదారి, బర్డ్స్‌విల్ ట్రాక్ మీద వాగు దాటే చోటు చాలా ఏళ్లు పొడిగానే ఉంటుంది. నీరొస్తే పక్కదారిలో ఫెర్రీ నడుపుతారు. క్యారవాన్ ఉన్నవారు బరువు పరిమితి ముందే కనుక్కోవాలి. ఫెర్రీ తిరుగుతోందని వింటే మాత్రం ఆ ఏడాది ప్రయాణం వాయిదా వేయకండి. పెలికాన్లు వచ్చేది ఆ నీటి వెంటే.