ఇసుక కేసు: కటక్‌కు వెళ్లాలా, కోల్‌కతాకా?

ఒడిశాలోని గంజాం తీరంలో ఇసుక తవ్వకాల మీద కోర్టుకెక్కుదామని కూర్చున్న ఏ ఊళ్లోనైనా ముందు దూరం లెక్కే వస్తుంది. హైకోర్టు కటక్‌లో ఉంది. బరంపురంలో పొద్దున రైలెక్కితే రాత్రికి ఇల్లు చేరొచ్చు. పర్యావరణ తగాదాలు వినే జాతీయ హరిత ట్రిబ్యునల్ తూర్పు బెంచి కోల్‌కతాలో, ఆరు వందల కిలోమీటర్ల అవతల. అందుకే చాలామంది కటక్ వైపే మొగ్గుతారు. నన్నడిగితే ఎక్కువ కేసులకు కోల్‌కతానే మేలు.

ఎందుకంటే ఇసుక తగాదా చివరికి కొలతల తగాదా. లీజు హద్దు ఎక్కడిదాకా, ఎంత లోతు తవ్వారు, యంత్రాలు దించారా లేదా? ఇరుపక్షాలూ తలోమాట చెప్పే ఇలాంటి విషయాల్లోకి హైకోర్టు తన ముందు నేరుగా వేసే రిట్ పిటిషన్‌లో సాధారణంగా దిగదు, ట్రిబ్యునల్ ఉంది కదా, అక్కడికి వెళ్లమనొచ్చు. ట్రిబ్యునల్ అయితే తరచుగా కలెక్టర్, కాలుష్య నియంత్రణ మండలి వాళ్లతో జాయింట్ కమిటీ వేసి నది దగ్గరికే పంపుతుంది. కేసు ఆ రిపోర్టు మీదే నడుస్తుంది. అది వచ్చేలోపు వరదకు గోతులు పూడిపోతాయి కాబట్టి తేదీ, లొకేషన్ పడేలా తీసిన ఫొటోలు ముందే దగ్గరుండాలి.

ఖర్చూ తక్కువే. పరిహారం అడగకపోతే ఫీజు 1,000 రూపాయలు. లాయరు లేకుండా మనమే వాదించుకోవచ్చు, వీడియోలో హాజరు కావచ్చు. కాగితాలు మాత్రం ఇంగ్లీషులో ఉండాలి. ఇంట్లో తెలుగు, తహసీల్ ఆఫీసులో ఒడియా, ఇప్పుడు ఇదొకటి!

అసలు టెన్షన్ గడువుతో. 2010 నాటి ట్రిబ్యునల్ చట్టం 14వ సెక్షన్ కింద, గొడవకు కారణం మొదట పుట్టిన రోజు నుంచి ఆరు నెలలే. తగిన కారణం చూపితే ఇంకో 60 రోజులు. పర్యావరణ అనుమతినే సవాలు చేయాలంటే 30 రోజులు, ఆపైన మహా అయితే 60. పరిహారానికీ, పాడైన చోటును బాగు చేయించడానికీ 15వ సెక్షన్ కింద ఐదేళ్లుంది. గడువు దాటినా, ఫిర్యాదు మీద అధికారి కదలకుండా కూర్చున్నా అప్పుడు కటక్. ట్రిబ్యునల్ ఉన్నంత మాత్రాన హైకోర్టు అధికారం పోదని సుప్రీంకోర్టు 2022లో చెప్పింది.

పోర్టు డ్రెడ్జింగ్ (ఓడల కోసం నీటి అడుగున ఇసుక, మట్టి తవ్వి తీయడం) సంగతి వేరు. నదిలో ఇసుక సైరాత్‌కు (ప్రభుత్వం లీజుకిచ్చే ఇసుక రేవుకు) ఐదు హెక్టార్లలోపు లీజైనా పర్యావరణ అనుమతి కావాలని 2012లో దీపక్ కుమార్ కేసులో తేలింది. పోర్టు కాలువను కొత్తగా లోతు చేయాలన్నా పర్యావరణ అనుమతుల మీద కేంద్రం ఇచ్చిన 2006 నోటిఫికేషన్ ప్రకారం అనుమతి ఉండాలి. కానీ ఏటా చేసే మెయింటెనెన్స్ డ్రెడ్జింగ్ మొదటి అనుమతి ప్రతిపాదనలోనే ఉంటే మళ్లీ అక్కర్లేదు. కాబట్టి గోపాల్‌పూర్ పోర్టు మీద వెళ్లేవాళ్లు ముందు ఆ అనుమతి పత్రం, దాని షరతులు చదవాలి. ఋషికుల్య నది ఇసుకనూ పోర్టునూ ఒకే పిటిషన్‌లో కలిపితే రెండూ బలహీనపడతాయి.

ఋషికుల్య మొగ దగ్గర పొదంపేట ఊరిని సముద్రం కోసేసింది. కారణం తుపానని కొందరు, అలలను ఆపడానికి సముద్రంలోకి కట్టిన పోర్టు గోడలని కొందరు అంటారు. ఈ తీరంలో ఇసుక ఏడాదిలో ఎక్కువ కాలం దక్షిణం నుంచి ఉత్తరానికి కదులుతుంది. దానికి గోడ అడ్డొస్తే ఉత్తరాన కోత పడుతుంది. ఫలానా ఊరి విషయంలో దేని వాటా ఎంతో తేల్చాల్సింది మాత్రం నిపుణులే. ట్రిబ్యునల్‌లో జడ్జీల పక్కన నిపుణ సభ్యులు కూర్చుంటారు.

ఈ రాత్రి ఇసుకతో వెళ్లే హైవా లారీని ఆపడానికి హైకోర్టూ ట్రిబ్యునలూ పనికిరావు. దానికి పోలీసులే. వై ఫారం (ఇసుక రవాణా పర్మిట్) లేకుండా ఇసుక తోలుతుంటే దొంగతనం కింద ఎఫ్‌ఐఆర్ కట్టొచ్చని సుప్రీంకోర్టు 2014లోనే చెప్పింది. గనుల చట్టం కింద కేసుకైతే అధికారం ఇచ్చిన అధికారే కోర్టులో ఫిర్యాదు చేయాలి. పోలీసు ఫిర్యాదుతో బండి ఆగుతుంది గానీ లీజు ఆగదు. అయినా అది ఇచ్చి రసీదు తీసుకోండి. ఆరు నెలల లెక్క ఎప్పటినుంచి మొదలైందని అవతలి లాయరు వాదించేటప్పుడు ఆ తేదీనీ పట్టుకుంటాడు, కాబట్టి రసీదు చేతికొచ్చాక కోల్‌కతా కాగితాలు ఆలస్యం చేయకూడదు.