తిరుపతి లీలామహల్ సర్కిల్ సందులో డీవీడీల కొట్టు, నా మూడు డిస్కులు

కొట్టుకు బోర్డు లేదు. సెల్ కవర్లు, చార్జర్ల కింద రెండు అట్టపెట్టెలు, పాత డీవీడీలన్నీ వాటిలోనే. ఒకటి 50 రూపాయలు, మూడైతే 120. కింద కూర్చుని వెతుక్కోవాలి, మోకాళ్ల నొప్పులున్నవాళ్లు మనవణ్ణి తీసుకెళ్లండి.

నేను వెతికింది హీరోల కోసం కాదు. మైకేల్ లాన్స్‌డేల్ కోసం. 1931లో పారిస్‌లో పుట్టిన క్యారెక్టర్ ఆర్టిస్టు. తండ్రి ఇంగ్లిష్ ఆయన, తల్లి ఫ్రెంచ్, అందుకే రెండు భాషల్లోనూ వేషాలు వేశాడు. "ఎవురునా ఆయన?" అన్నాడు కొట్టబ్బాయి. మన గుమ్మడి లాంటోడబ్బా అన్నాను. గుమ్మడి ఎవరని అడిగాడు. వదిలేశాను.

మొదట దొరికింది 'ద డే ఆఫ్ ద జాకాల్', 1973 నాటిది. ఫ్రాన్స్ అధ్యక్షుడు డిగాల్‌ను చంపడానికి వచ్చిన కిరాయి హంతకుణ్ణి పట్టుకోవాల్సిన పోలీసు లెబెల్ ఈయనే. ఇంట్లో పావురాలు పెంచుకునే మామూలు మనిషి. మంత్రి, పెద్ద పెద్ద అధికారులు కూర్చున్న మీటింగులో ఫోను మాటల టేపు వేసి వినిపిస్తాడు. గుట్టు బయటికి పోయింది వాళ్లలో ఒకడి ఇంటి నుంచే. ఎవరి ఫోను వినాలో నీకెలా తెలిసిందని మంత్రి అడిగితే, తెలియదు కాబట్టి అందరివీ విన్నానంటాడు. గొంతు పెంచడు, గొప్పలు పోడు. ఆ ముక్క నాలుగుసార్లు వెనక్కి తిప్పి చూశాను.

రెండోది బాండ్ సినిమా 'మూన్‌రేకర్', 1979. విలన్ డ్రాక్స్ ఈయనే. ఎదురుగా మాంసం పెట్టినా ఆయన చిటికె వేసేదాకా కుక్కలు ముట్టవు. అంతవరకే చూశాను, తర్వాత డిస్కు గిరగిరా తిరిగి ఆగిపోయింది. తీసుకెళ్తే కొట్టబ్బాయి చొక్కా అంచుతో తుడిచి "ఇప్పుడు ఆడతాదిలేనా" అన్నాడు. ఆడలేదు. డబ్బు వాపసు లేదట, ఇంకోటి తీసుకోమన్నాడు.

అలా దొరికింది 'ఆఫ్ గాడ్స్ అండ్ మెన్', 2010. అల్జీరియాలోని క్రైస్తవ మఠంలో ఊరివాళ్లకు మందులిచ్చే ముసలి సన్యాసి వేషం. బెంచీ మీద పక్కన కూర్చున్న ఊరి అమ్మాయి ప్రేమ గురించి అడిగితే, తాతయ్య మనవరాలికి చెప్పినట్టు చెబుతాడు. దీనికే ఫ్రాన్స్ వాళ్ల సినిమా అవార్డు సెజార్ వచ్చింది, 79 ఏళ్ల వయసులో. మా ఆవిడకు సబ్‌టైటిల్స్ చదవడం విసుగు, అయినా చివరిదాకా లేవలేదు.

అయిదుకు మూడు స్టార్లు. కొనేముందు అక్కడే ప్లేయర్లో వేయించుకోండి, అడిగితే వేస్తాడు. 'ద నేమ్ ఆఫ్ ద రోజ్' కనిపిస్తే మాత్రం నాకు వదిలేయండి. అందులో మఠాధిపతి ఈయనే.