పాఖాల రాళ్ల దారిలో రెండు రోజులు

పాఖాలకు అందరూ చెరువు చూడ్డానికి వెళ్తారు. సింగరేణిలో రిటైరైన మా బాబాయ్ మాత్రం రాళ్లు చూద్దామన్నాడు. విలియం కింగ్ అనే భూగర్భ శాస్త్రవేత్త గోదావరి లోయ మీద 1881లో రాసిన గ్రంథంలో ఇక్కడి పాత పొరలు పాఖాల పేరుతోనే ఉన్నాయట. సున్నపురాయి, దాన్ని పోలిన డోలమైటు, పలకరాయి, ఇసుకరాయి ఒకదానిపై ఒకటి పేరుకున్నాయి. వయసు వంద కోట్ల ఏళ్ల పైమాటే.

బస విషయంలో తప్పు చేశాం. దగ్గరవుతుందని నర్సంపేట వైపు ఒక లాడ్జిలో దిగాం. ఏసీ గది అని డబ్బులు కట్టించుకున్నారు, రాత్రంతా ఫ్యానే తిరిగింది. హన్మకొండలో ఉండి పొద్దున్నే బయల్దేరడం మేలు. పాఖాల గంటన్నర లోపే.

కాకతీయ గణపతిదేవుడి కాలం నాటి చెరువు బాగుంది. చుట్టూ కొండలు, అడవి. కానీ ఈ రాళ్ల గురించి చెప్పే బోర్డు ఒక్కటీ మాకు కనిపించలేదు. అభయారణ్యం కాబట్టి రాయి తీయడం, కొట్టడం వద్దు.

అసలు సరదా మర్నాడు మల్లంపల్లి దాటాక, రోడ్డు పక్కన తవ్వి వదిలేసిన చోట. బూడిద రంగు సున్నపురాయి పైన ముడతలు, అచ్చం ఏనుగు తోలు. బాబాయ్ చాకుతో కాస్త గీకి, సోడా కోసం కొన్న నిమ్మకాయ పిండాడు. చెవి పెట్టి వింటే సన్నగా చుర్రుమంది, చిన్న చిన్న బుడగలు లేచాయి. పక్క రాయి మీద పిండితే ఉలుకూ పలుకూ లేదు. "గది డోలమైటు బిడ్డా, అంత తొందరగ పొంగది" అన్నాడు. భూగర్భ శాస్త్రంలో ఈ పొరల వర్గాలకు మల్లంపల్లి, ములుగు అని మన ఊళ్ల పేర్లే ఉన్నాయంటే నాకు భలే అనిపించింది.

రామప్ప గురించి కొత్తగా చెప్పేదేముంది, 2021లో యునెస్కో గుర్తింపు వచ్చాక జనం పెరిగారు. ఆదివారం మాత్రం వెళ్లకండి. లక్నవరంలో వేలాడే వంతెన, దీవి బాగున్నాయి. భోజనం ఆర్డరిచ్చాక గంట పట్టింది, చేపల వేపుడు రాగానే కోపం పోయింది.

హన్మకొండ గుట్టల గ్రానైటు అన్నిటికన్నా పాతది, దాని మీద పాఖాల పొరలు, ఆ తర్వాత ఎప్పటికో భూపాలపల్లి బొగ్గు. ఎలాగూ ఇంత దూరం వచ్చాం, బొగ్గు గనుల వైపు కూడా పోదామా అన్నాను.

"ముప్పై ఏండ్లు బొగ్గుల్నే ఉన్న. మళ్ల అదే చూసుడా? బండి ఇంటికి తిప్పు" అన్నాడు బాబాయ్.