ద్వారకానగర్ ప్రింటింగ్ షాపులో మడత పడిన ఆరు పట్టణాలు

రూపం మార్చుకునే స్థలం గురించి నేను అల్లుకున్న ఒక ఊహాలోకపు సిద్ధాంతానికి పటం కావలసి వచ్చి, విశాఖపట్నం ద్వారకానగర్‌లో ఒక సందులో ఉన్న చిన్న ప్రింటింగ్ షాపుకు ఈ వేసవిలో నాలుగుసార్లు వెళ్లాను. శుభలేఖలు, విజిటింగ్ కార్డులు, కాలేజీ ప్రాజెక్టు రిపోర్టుల బైండింగ్ వారి రోజువారీ పని. అలాంటి చోట నా పని ఎలా సాగిందో చెబితే కాగితంతో పటాలు, ఆటవస్తువులు చేయించుకోదలచినవారికి ఉపయోగపడుతుందని ఈ సమీక్ష రాస్తున్నాను.

సిద్ధాంతం తెలియనిదే వారి పనితనం తెలియదు కనుక ముందు అది చెబుతాను. నా కథాలోకంలో ఆరు పట్టణాలున్నాయి. అక్కడ స్థలమంటే దూరం కాదు, పొరుగు. ఏ ఇల్లూ కూలదు, ఏ వీధీ మాయం కాదు, కానీ ఒకదాని పక్కన ఏది ఉంటుందన్నది మారిపోతుంది. నిన్న ఊరి నడిబొడ్డున ఉన్న కోనేరు ఇవాళ పొలిమేరలో తేలుతుంది, కొన్ని పట్టణాలకైతే ఫలానా పట్టణం నుంచి బయలుదేరితే తప్ప దారే ఉండదు. మయసభలో దుర్యోధనుడు నీళ్లు లేనిచోట పంచె ఎగగట్టి, ఉన్నచోట తడిసిపోవడం కంటి భ్రమ వల్ల జరిగింది. నా లోకంలో భ్రమ లేదు, స్థలమే నిజంగా తిరగబడుతుంది.

ఇది కాగితంలో సాధ్యమే. 1939లో ప్రిన్స్‌టన్‌లో చదువుతున్న ఆర్థర్ స్టోన్ అనే ఇంగ్లండు విద్యార్థి, తన బైండరులో పట్టని అమెరికా కాగితాల అంచులు కత్తిరించి, ఆ పట్టీలను మడుస్తూ హెక్సాఫ్లెక్సాగన్‌ను కనిపెట్టాడు. 19 సమబాహు త్రిభుజాలున్న పట్టీని చుట్టి మడిచి, చివరి త్రిభుజాన్ని అతికిస్తే ఒక షడ్భుజి వస్తుంది. దాన్ని మధ్యకు నొక్కి పువ్వులా విప్పిన ప్రతిసారీ లోపలి నుంచి మరో ముఖం బయటికి వస్తుంది. మొత్తం ఆరు ముఖాల్లో మూడు తరచుగా, మూడు అరుదుగా కనిపిస్తాయి. ఒకే ముఖం మరోసారి వచ్చినప్పుడు దాని మధ్యలో ఉన్న మూలలు అంచులకు చేరవచ్చు. నా సిద్ధాంతానికి ఇంతకంటే మంచి పటం దొరకదు.

ఈ పటాన్ని ముద్రించమని మొదట నగరంలోనే మరొక చోట ఇచ్చాను. వారు నన్ను అడగకుండా మందపాటి ఆర్ట్ కార్డు మీద ముద్రించి లామినేషన్ చేసి ఇచ్చారు. అది ఒక్క ముఖం కూడా మారలేదు, బలవంతం చేస్తే మూల చిరిగింది. ఆ డబ్బు పోయినట్టే.

ద్వారకానగర్ షాపులో మేస్త్రీ డబ్బు సంగతి ఎత్తకముందే నేను తెల్లకాగితంతో చేసిన డమ్మీని చేతిలోకి తీసుకుని పావుగంట సేపు తిప్పారు. తర్వాత ఒక మ్యాప్‌లిథో (పూత లేని మామూలు ముద్రణ కాగితం) ముక్క చింపి, “ఇటు చించితే తిన్నగా వస్తాది, అటు చించితే వంకర పోతాది, చూడండి మాస్టారూ” అన్నారు. మిల్లులో కాగితం సాగిన దిశకే దాని పీచు పరుచుకుంటుంది కాబట్టి, ఆ గ్రెయిన్‌కు అడ్డంగా పడిన మడత త్వరగా పగులుతుంది. నా పట్టీలో మడతలు అంచుకు 60 డిగ్రీల వాలులో రెండు వైపులకూ ఉన్నాయి. గ్రెయిన్ పట్టీ పొడవునా ఉంటే ప్రతి మడతా దానికి 60 డిగ్రీల దూరంలో పడుతుంది, వెడల్పున ఉంటే 30 డిగ్రీలే. ఆయన ఈ లెక్కను వేళ్లతోనే తేల్చి, 120 జీఎస్‌ఎం (చదరపు మీటరుకు 120 గ్రాముల బరువు) షీట్లను వెడల్పు గ్రెయిన్ వచ్చేలా కోయించి, త్రిభుజం భుజాన్ని 4.5 సెంటీమీటర్లకు తగ్గించమన్నారు. అప్పుడు 45 సెంటీమీటర్ల పట్టీ వారి 13×19 అంగుళాల షీటులో సరిపోయింది, షడ్భుజి అరచేతిలో ఇమిడింది.

ప్రూఫ్, అంటే పరీక్షకు వేసిన మొదటి ప్రతి, వచ్చిన రోజు నా సిద్ధాంతంలోనే తప్పు బయటపడింది. ఒక పట్టణపు కోటను నేను సరిగ్గా మడత గీత మీద గీశాను. డిజిటల్ ప్రింటులో టోనరు అనే రంగుపొడి కాగితంలోకి ఇంకదు, పైనే పొరలా ఉంటుంది. పది పన్నెండు సార్లు తిప్పేసరికి కోట గోడ పొడిపొడిగా రాలి నా వేలికి అంటుకుంది. మేస్త్రీ మడతలన్నిటి వెంటా ఒక మిల్లీమీటరు తెల్లగా వదిలేయమన్నారు. ఆ రాత్రి పటం మళ్లీ గీస్తుంటే నాకు తట్టింది: పొరుగు మారే లోకంలో మడత మీద ఎవరూ నివసించలేరు. కోటను లోపలికి జరిపాను, ఆ తెల్లని గీతలు ఎవరికీ చెందని సరిహద్దులయ్యాయి, కథలో నేను రెండేళ్లుగా నడపలేకపోయిన యుద్ధానికి కారణం దొరికింది. నా ఊహను ఇంత శ్రద్ధగా పరీక్షించినవారు మరొకరు లేరు.

లోపాలు లేకపోలేదు. 40 ప్రతుల్లో ఆరింటికి ముందు వెనుక రిజిస్ట్రేషన్ (రెండు వైపుల ముద్రణ ఒకదానికొకటి సరిగ్గా కలవడం) కుదరక వీధులు తెగిపోయాయి. ఆ ఆరూ ఉచితంగానే మళ్లీ వేసి ఇచ్చారు గాని, చెప్పిన రోజుకు రెండు రోజులు ఆలస్యమైంది. మొదటి కట్టను గట్టి అట్ట లేకుండా ప్లాస్టిక్ సంచిలో ఇవ్వడంతో బీచ్ రోడ్డు మీదుగా ఇంటికి చేరేసరికి గాలి తేమకు కొన్ని అంచులు వంగాయి. అతికించడానికి జిగురు వాడితే కాగితం ఉబ్బుతోందని చివరికి డబుల్ సైడ్ టేపుకు మారారు, అది బాగా పట్టింది. బండి నిలపడానికి సందులో చోటు లేదు. ప్రతి ఒక్కటికి 38 రూపాయలు తీసుకున్నారు. క్రీజింగ్ (మడత గీతలు నొక్కడం) అంతా చేతిపనే కనుక అది నాకు న్యాయంగానే అనిపించింది.

వెళ్లేవారు తప్పక చేత్తో చేసిన డమ్మీ తీసుకువెళ్లాలి, శుభలేఖల రద్దీ లేని ఉదయం పూట వెళ్లాలి. రెండో విడతగా మరో 40 ప్రతులు అడిగాను. తేమకు కాగితం గ్రెయిన్‌కు అడ్డంగా సాగి ముఖాలు కలవవని, వానలు తగ్గాక వేసి ఇస్తామని మేస్త్రీ చెప్పారు.