నలందలో రెండు రోజులు: ఏది ముందు చూడాలి

కిందటి చలికాలంలో బిహార్‌లోని ప్రాచీన బౌద్ధ విద్యాకేంద్రం నలంద కోసం రెండు రోజులు పెట్టుకుని, మొదటి రోజును చాలావరకు పాడుచేసుకున్నాను. అందరిలాగే నేరుగా శిథిలాల దగ్గరికి వెళ్లి, ద్వారం దగ్గర ఒక గైడును మాట్లాడుకున్నాను. ఆయన చెప్పిన గంటన్నరలో సగానికి పైగా గ్రంథాలయం తగలబడిన కథే. ఎన్ని నెలలు మండిందో కచ్చితంగా చెప్పిన ఆ మనిషికి, అక్కడ ఎవరు ఏమి చదివారని అడిగితే చెప్పడానికి పెద్దగా ఏమీ లేకపోయింది. తురుష్క సైన్యాల దాడులు జరిగిన మాట నిజం. కాని ఆ తరువాత, 1235 ప్రాంతంలో, ధర్మస్వామి అనే టిబెట్ భిక్షువు ఇక్కడికి వచ్చేనాటికి తొంభై ఏళ్లు దాటిన రాహుల శ్రీభద్రుడు డెబ్భై మంది విద్యార్థులకు ఇంకా పాఠాలు చెబుతూనే ఉన్నాడు. సైన్యం మళ్లీ వస్తోందని తెలిసి మిగిలినవారంతా వెళ్లిపోతే, ఆ వృద్ధ గురువును ధర్మస్వామే భుజాల మీద మోసుకుపోయి దాచాడు. గైడు కథలో ఈ ఘట్టం లేదు.

రెండో రోజు వరుస మార్చాను. ఇప్పుడు ఎవరు అడిగినా ఆ వరుసనే చెబుతాను: ముందు ఏడో శతాబ్దపు చైనా బౌద్ధ యాత్రికుడు హ్యూయాన్‌త్సాంగ్ స్మారక భవనం, ఆ తరువాత మ్యూజియం, చివరికి శిథిలాలు.

స్మారక భవనం శిథిలాలకు ఆటోలో కొద్ది నిమిషాల దూరం. చైనా తరహా కప్పుతో, విశాలమైన ఆవరణలో, దాదాపు నిర్మానుష్యంగా ఉంటుంది. 1957లో చైనా ప్రభుత్వం హ్యూయాన్‌త్సాంగ్ అస్థికలను భారతదేశానికి అప్పగించినప్పుడు తలపెట్టిన ఈ కట్టడం 1984కు గాని పూర్తికాలేదు. లోపల చూడవలసిన వస్తువులు తక్కువే. వస్తువుల కోసమే వెళ్లేవారికి నిరాశ తప్పదు. నాకు మాత్రం బయట నిలబెట్టిన విగ్రహం ముందు కూర్చోవడమే చాలింది. వీపున గ్రంథాల బరువుతో నడిచిన ఆ యాత్రికుడు నలంద ప్రధానాచార్యుడు శీలభద్రుడి దగ్గర యోగాచారమనే బౌద్ధ దర్శనం చదువుకుని, 645లో 657 గ్రంథాలతో స్వదేశం చేరాడు. దారిలో సింధునది దాటుతుండగా కొన్ని గ్రంథాలు నీటిపాలయ్యాయి. దాదాపు పదేళ్ల తరువాత, 654లో, నలందలో తనతో చదివిన జ్ఞానప్రభుడికి రాసిన ఉత్తరంలో శీలభద్రుడి మరణానికి దుఃఖిస్తూనే, నదిలో పోయిన గ్రంథాల పట్టికను జతచేసి, వీలైతే పంపించమని కోరాడు. రెండు దేశాల పండితుల మధ్య ఉత్తరాలు నడిచేవన్న ఈ ఒక్క సంగతి నాకు శిథిలాల వైశాల్యం కన్నా ఎక్కువ చెప్పింది.

ఆయన మన ధాన్యకటకానికీ (నేటి అమరావతి ప్రాంతం) వచ్చాడని తెలుగువారు గుర్తుచేసుకోవాలి. అక్కడ ఇద్దరు భిక్షువుల దగ్గర మహాసాంఘికులనే బౌద్ధ శాఖవారి అభిధర్మం, అంటే తత్త్వ విశ్లేషణ, నేర్చుకుని, బదులుగా వారికి మహాయాన శాస్త్రాలు బోధించాడని ఆయన జీవితచరిత్ర చెబుతుంది.

మ్యూజియం చిన్నదే, కాని నెమ్మదిగా చూడాలి, గంట సరిపోదు. కంచు విగ్రహాల దగ్గర ఎక్కువసేపు నిలబడండి. ఈ ప్రాంతాన్ని ఏలిన పాల వంశపు రాజుల కాలపు శిల్పరీతి సముద్రం దాటి జావా దాకా ఎలా వెళ్లిందో ఊహించడానికి అవే ఆధారం. శుక్రవారం మూసి ఉంటుంది కాబట్టి ప్రయాణం రోజు చూసుకుని పెట్టుకోవాలి.

ఇంత చూశాక శిథిలాలకు వెళితే అవే ఇటుకలు వేరుగా కనిపిస్తాయి. తూర్పున విహారాల వరుస, పడమట ఆలయాల వరుస, మధ్యన బాట. ఫొటోల కోసం జనమంతా మూడో నంబరు ఆలయం ముందే గుమిగూడతారు; నన్ను అడిగితే ఒకటో నంబరు విహారానికే ఎక్కువ సమయం ఇవ్వాలి. పాల వంశపు రాజు దేవపాలుడి తామ్రశాసనం 1921లో దొరికింది అక్కడే. సువర్ణద్వీపాన్ని, అంటే నేటి సుమత్రా ప్రాంతాన్ని ఏలిన బాలపుత్రదేవుడు నలందలో ఒక విహారం కట్టించి, దాని పోషణకు ఊళ్లు ఇవ్వమని అడిగితే, దేవపాలుడు ఐదు గ్రామాలు ఇచ్చాడు. భిక్షువుల తిండికీ, బట్టకూ, వైద్యానికీ మాత్రమే కాక, గ్రంథాలకు ప్రతులు రాయించడానికి కూడా ఆ రాబడి వాడాలని అందులో ఉంది. మరో చైనా భిక్షువు ఇత్సింగ్ కూడా ఆ ద్వీపంలో ముందు సంస్కృత వ్యాకరణం నేర్చుకునే ఇక్కడికి వచ్చి, పదేళ్లు చదువుకున్నాడు. భారతదేశానికి వెళ్లదలచినవారు ముందు అక్కడ ఒకటి రెండేళ్లు ఉండి సాధన చేయాలని తన తరువాతివారికి సలహా ఇచ్చాడు.

అసలు ఈ దిబ్బలే నలంద అని మనకు తెలిసిన తీరు ఇంకా విచిత్రం. పంతొమ్మిదో శతాబ్దంలో ఇది బడగావ్ అనే పల్లె పక్కన ఉన్న మట్టిదిబ్బల గుంపు మాత్రమే. హ్యూయాన్‌త్సాంగ్ రచనను స్టానిస్లాస్ జూలియెన్ అనే పండితుడు ఫ్రెంచిలోకి అనువదించగా, ఆ అనువాదంలోని దూరాలూ దిక్కులూ పట్టుకుని 1861–62లో పురావస్తు పరిశోధకుడు అలెగ్జాండర్ కన్నింగ్‌హామ్ దీనిని గుర్తించాడు. ప్రవేశద్వారం దగ్గరి బోర్డు మీద నాకు ఈ కథ కనిపించలేదు.

బస రాజగిర్‌లో పెట్టుకోవడమే మేలు. నలందకు 12 కిలోమీటర్ల దూరం, హోటళ్లు అన్ని స్థాయిలవీ ఉన్నాయి. నేను దిగిన చోట వేడినీళ్లు ఉన్నాయని చెప్పి గది ఇచ్చారు గాని, రెండు ఉదయాలూ బకెట్టుతో వంటగది నుంచి తెప్పించుకోవలసి వచ్చింది. భోజనం మాత్రం శుభ్రంగా, వేడిగా పెట్టారు. ఆటోను రోజంతటికీ మాట్లాడుకుంటే, ఎక్కడెక్కడ ఆగాలో ముందే చెప్పాలి. లేకపోతే వేడినీటి కుండాలూ, రోప్‌వేలూ చూపించి స్మారక భవనాన్ని దాటవేస్తారు. మధ్యలో వచ్చే సిలావ్‌లో ఆగితే పొరలు పొరలుగా విడిపోయే కాజా దొరుకుతుంది. మన కాజాలు రెండింటితోనూ పోల్చి తినడం నాకు రెండో రోజు పని అయింది.

గైడు అక్కర్లేదని అనను. కుదుర్చుకునే ముందు మాత్రం, సువర్ణద్వీపపు రాజు కట్టించిన విహారం సంగతి తెలుసా అని ఒక్క ప్రశ్న అడగండి.